రోడ్డు ప్రమాదాలు – నష్టపరిహారం

రామచంద్రపురం నుండి ద్రాక్షారామం వెళ్ళే దారిలో తెల్లవారుజామున నిలబడి చూచినవారికి ధాన్యం లారీలు, ఇటుకల ట్రాక్టర్లు, ఆటోలు, బడికి పోయే పిల్లల సైకిళ్ళు ఒకదానినొకటి ఒరుసుకొంటూ పోవడం కనబడుతుంది. ఆ రోడ్డు మీదనే మా విద్యార్థి ఒకని తండ్రికి మోకాలు విరిగింది. ఆయన వృత్తి కొబ్బరి దింపు. వాహన యజమాని ఆసుపత్రి ఖర్చు ఇచ్చి, పెద్దమనుషుల ఎదుట ఒక కాగితం మీద వేలిముద్ర వేయించుకొన్నాడు. ఎముక అతికింది, కాని ఆ కాలు మరల చెట్టు ఎక్కలేదు. రెండు భాషలు చదివిన కుమారుడు ఇంట ఉండి కూడ ఆ కాగితం చదువలేదు. ఈ వ్యాసం వ్రాయడానికి మాకు ప్రేరణ ఆ కాగితమే.

'పరిహారం' అనగా తొలగించడం. ఉర్దూలోని 'ముఆవజా' బదులు ఇవ్వడమనే అర్థం గల ధాతువు నుండి వచ్చింది. పోయిన కాలిని ఏ తీర్పూ తిరిగి తేలేదు. దానికి బదులుగా నిలువగల వస్తువూ లేదు. అందుచేత న్యాయస్థానం కాలికి ఖరీదు కట్టదు. ఆ కాలితో సాగే జీవనం ఎంత దెబ్బతిన్నదో కొలిచి, ధనంతో సాధ్యమైనంత మేర పూరిస్తుంది. ఇది యజమాని దయ కాదు, బాధితుని హక్కు.

ఈ హక్కు క్రమంగా రూపుదిద్దుకొన్నది. 1939 నాటి మోటారు వాహనాల చట్టాన్ని 1956లో సవరించి, సాధారణ సివిలు దావాకు బదులు ప్రత్యేక ట్రిబ్యునళ్ళకు అవకాశం కల్పించారు. తప్పు ఎవరిదైనా కొంత మొత్తం ఇవ్వవలెనన్న నియమం 1982లో చేరింది. ప్రస్తుత చట్టం 1988 నాటిది. 1989 జూలై 1న అమలులోకి వచ్చింది. వాహనానికి బీమా ఉన్నచో సాధారణంగా పరిహారం చెల్లించేది బీమా సంస్థయే. డ్రైవరు క్రిమినలు కేసులో నిర్దోషిగా విడుదలైనంత మాత్రాన పరిహారపు దరఖాస్తు వీగిపోదని సుప్రీంకోర్టు 1980లోనే చెప్పింది.

ఇక కొలత ఎట్లు? 2010లో సుప్రీంకోర్టు ఒక తీర్పులో చక్కని ఉదాహరణ చూపింది. ఎడమచేయి పోయినవాడు డ్రైవరో వడ్రంగో అయితే అతని సంపాదన దాదాపు పూర్తిగా పోతుంది. ప్రభుత్వ గుమాస్తా అయితే ఉద్యోగం నిలువవచ్చును. వైద్యుడు వ్రాసిన వైకల్య శాతం వేరు, సంపాదనా శక్తిలో కలిగిన నష్టం వేరు.

దీనిని మన కోనసీమకు అన్వయించి చూద్దాం. ముప్పది రెండేండ్ల దింపు కార్మికుడు నెలకు 10,000 రూపాయలు సంపాదిస్తున్నాడని అనుకొందాం. సంవత్సరానికి 1,20,000. 2009లో సుప్రీంకోర్టు స్థిరపరచిన పట్టికలో ఆ వయస్సుకు గుణకం 16. రెంటినీ గుణిస్తే 19,20,000. వైద్యుని పత్రంలోని 30 శాతాన్నే తీసుకొంటే వచ్చేది 5,76,000. చెట్టు ఎక్కలేనివానికి సంపాదన 80 శాతం పోయిందని రుజువైతే 15,36,000. వైద్యపు ఖర్చు, బాధకు ఇచ్చే మొత్తం వీటికి అదనం. గాయం ఒక్కటే, అతని వృత్తి ఏమిటో ట్రిబ్యునలుకు తెలియజెప్పడంలోనే ఇంతటి వ్యత్యాసం ఉన్నది.

కూలివానికి జీతపు రసీదు ఎక్కడిదని కొందరు నిరాశపడతారు. కూరగాయలు అమ్ముకొనేవానిని ఆదాయానికి వ్రాతపూర్వకమైన ఆధారం చూపుమనడం సరికాదని 2014లో సుప్రీంకోర్టు అన్నది. అయినను తోట యజమాని సాక్ష్యం, ఆసుపత్రి కాగితాలు, మందుల బిల్లులు, పోలీసు ప్రథమ సమాచార నివేదిక నకలు భద్రపరచుకొంటే బలం.

దరఖాస్తును ప్రమాదం జరిగిన చోటనే కాక, బాధితుడు నివసించే ప్రాంతపు ట్రిబ్యునలులో కూడ వేయవచ్చును. 2019 సవరణ తెచ్చిన ఆరు నెలల గడువు 2022 ఏప్రిల్ 1 నుండి అమలులోకి వచ్చింది. ఆ గడువు న్యాయస్థానాలలో సవాలు చేయబడినది. అయినను దానిని దాటనీయకపోవడమే వివేకం. స్త్రీలకు, షెడ్యూల్డు కులాల, తెగల వారికి, వికలాంగులకు, నిర్ణీత ఆదాయం లోపు వారికి 1987 చట్టం ప్రకారం ఉచిత న్యాయ సహాయం లభిస్తుంది. లోక్ అదాలత్‌లో రాజీపడితే త్వరగా ముగుస్తుంది. కాని ఆ అవార్డుపై అప్పీలు లేదు. కనుక మొత్తం తెలిసికొనియే సంతకం చేయవలెను.

దావా, వకీలు, దాఖలు, రుజువు, రాజీ – ఈ మాటలన్నీ ఉర్దూ నుండి మన తెలుగులోనికి వచ్చి ఇంటి మాటలైనవి. మాటలు ఇంటికి వచ్చినంతగా హక్కులు రాలేదు. ఇంటిలో తొలిసారిగా కళాశాల మెట్టు ఎక్కిన మన విద్యార్థులు ఇరుగుపొరుగు కొరకు ఒక చిన్న పని చేయవచ్చును: వేలిముద్ర పడకముందే కాగితాన్ని బిగ్గరగా చదివి వినిపించడం. మా విద్యార్థి ఆనాడు చేయలేని ఆ పనిని ఈనాడు తన వీధిలో అడిగినవారికెల్లా చేస్తున్నాడు. ఇది మాకు సంతోషదాయకం.