బంతి పుట్టిల్లు ఏది?

ఇంద్రావతి తీరాన, గడ్చిరోలి జిల్లా సిరోంచా తాలూకాలోని పాతగూడెం వైపు తెలుగు పల్లెల్లో పండగ గుమ్మానికి బంతి కట్టాల్సిందే. మన పండగలో ఇంతగా కలిసిపోయింది గనుక ఇది దేశీయ మొక్కే అనేవారున్నారు. ఆ వాదన నిలవదు. మిరప లేని తెలుగు వంటిల్లు లేదు, అయినా మిరప అమెరికా నుంచి వచ్చిందే. వాడుక ఎంత గాఢమైనా అది పుట్టుకకు సాక్ష్యం కాదు. టాజెటిస్ ప్రజాతికి పుట్టిల్లు అమెరికా ఖండాలు. లిన్నేయస్ 1753లో టాజెటిస్ ఎరెక్టా అని నమోదు చేసిన ముద్దబంతి మెక్సికోది. దీనికున్న ఆఫ్రికన్ మారిగోల్డ్ అన్న పేరు చూసి పరీక్షలో ఆఫ్రికా అని గుర్తుపెడితే మార్కు పోయినట్టే.

బంతి కుటుంబం ఆస్టరేసి. ఒక్క పువ్వులా కనిపించేది నిజానికి చిన్న పుష్పకాల గుంపు, అంటే శీర్షవత్ విన్యాసం. రేకుల నుంచి కంటికి మేలుచేసే ల్యూటిన్ తీస్తారు. వేర్లలోని ఆల్ఫా టెర్థియెనిల్ నులిపురుగులను అణచుతుంది. చర్మ లేపనాల్లో వాడే కాలెండ్యులా ఇదే కుటుంబం, కానీ వేరే ప్రజాతి.