ఇంచ్‌కేప్ ప్రభువు

స్కాట్లండు తూర్పుతీరమున ఆర్బ్రోత్ అను చిన్న రేవుపట్టణము కలదు. దానికి సుమారు 11 మైళ్ళ దూరమున సముద్రములో ఒక రాతిగుట్ట ఉన్నది. పోటువేళ అది నీటమునిగి కంటికి కానరాదు. దానికి తగిలి పగిలిన ఓడలు అనేకములు. 1811లో దానిపై దీపస్తంభము వెలిగిన పిదపగాని నావికుల భయము తీరలేదు. ఆ రాతిపేరు ఇంచ్‌కేప్. వింతయేమనగా, ఓడలవలననే అపారధనము గడించిన వ్యాపారి యొకడు తన వంశబిరుదమునకు ఓడలను ముంచు ఈ రాతిపేరునే పెట్టుకొనెను.

అతడు జేమ్స్ లైల్ మెకే. 1852లో ఆర్బ్రోత్ నందే ఒక ఓడకప్తాను ఇంట జన్మించెను. 1874లో కలకత్తా చేరి మెకిన్నన్ మెకంజీ కంపెనీలో ఉద్యోగమున కుదిరెను. బ్రిటిష్ ఇండియా స్టీమ్ నావిగేషన్ కంపెనీ ఓడల వ్యవహారమంతయు ఆ కంపెనీ చేతిలో నుండెను. ఆ ఓడలు మన తాతముత్తాతలు ఎరుగనివి కావు. విశాఖపట్టణము, కాకినాడ రేవులలో వేలకొలది తెలుగు కూలీలు వానినెక్కియే “రంగము” పోయిరి. రంగూనునకు వారు పెట్టుకొన్న పేరది. డెక్కుమీద మూటలపై తలలానించి, ఎండకు వానకు ఓర్చి పయనించిన ఆ పేదల టిక్కెట్టు రొక్కము కూడ ఆ ఓడల రాబడిలో చేరినదే.

మెకే క్రమముగా కంపెనీలో భాగస్వామి యయ్యెను. 1914లో బ్రిటిష్ ఇండియా కంపెనీ పి. అండ్ ఓ. కంపెనీతో కలియగా, ఆ మహాసంస్థకు అధ్యక్షుడై చిరకాలము నడపెను.

1911లో అతనికి బారన్ బిరుదము లభించెను. 1924లో వైకౌంట్, 1929లో ఎర్ల్ అయ్యెను. బ్రిటనులో ఇట్టి బిరుదములకు అయిదు మెట్లు కలవు. బారన్ అట్టడుగుమెట్టు, ఎర్ల్ నడిమిమెట్టు. ఆ కాలమున మనదేశమున ఇచ్చుచుండిన రావుబహద్దరు బిరుదము పొందినవానితోనే ముగియును. ఇవి యట్లుకాక తండ్రినుండి జ్యేష్ఠపుత్రునికి సంక్రమించును. సాధారణముగా కుమార్తెలకు వానిలో హక్కు లేదు.

మెకే కుమార్తెలలో ఎల్సీ అను నామె 1893లో సిమ్లాలో జన్మించెను. తండ్రి సాహసము ఆమెకును అబ్బినదని నా తలంపు. ఆమె విమానము నడపుట నేర్చెను. తండ్రి కంపెనీ ఓడల గదులను అలంకరించు పనియు చేసెను. విమానమున అట్లాంటిక్ మహాసముద్రము దాటిన తొలి స్త్రీ కావలెనని ఆమె కోరిక. 1928 మార్చి 13వ తేదీన, తండ్రి విదేశమున నుండగా, తన పేరు బయటపడనీయక కెప్టెన్ హించ్‌క్లిఫ్ అను వైమానికునితో ఇంగ్లండునుండి పడమరగా బయలుదేరెను. వారు మరల రాలేదు. మరుసటి సంవత్సరమే తండ్రికి ఎర్ల్ బిరుదము వచ్చెను. కుమార్తె స్మృతికై అతడు అయిదులక్షల పౌనులను బ్రిటిష్ జాతీయఋణము తీర్చుటకు ఇచ్చివేసెను.

1932లో మొనాకో రేవున, తన నౌకలోనే అతడు మరణించెను. బిరుదము కుమారునికి, 1939లో మనుమనికి, 1994లో మునిమనుమనికి దక్కెను. 1999 నాటి చట్టముతో వంశపారంపర్య ప్రభువులలో అత్యధికులకు ప్రభువుల సభలో కూర్చుండు హక్కు పోయెను. ఎర్ల్ జ్యేష్ఠపుత్రుని వైకౌంట్ గ్లెనాప్ అని పిలుచుట మర్యాద. ఆ పేరు స్కాట్లండునందలి వారి గ్లెనాప్ ఎస్టేటునుండి వచ్చినది. అచ్చటి చిన్న చర్చిలో ఎల్సీ జ్ఞాపకార్థము అమర్చిన రంగుటద్దముల కిటికీ కలదు.