టోక్యో నుంచి ఒక్క రాత్రి ప్రయాణం: గాలి, వేడి, చలి నేర్పిన పాఠం



ఈసారి పాఠం కొంచెం దూరం నుంచి తెచ్చాము. మా తమ్ముడు టోక్యోలో కంపెనీ పనిలో ఉన్నాడు. మే నెలలో ఒక పంట గూళ్ళు అమ్మేసి, తోట కత్తిరించి, మేమిద్దరం అతని దగ్గరికి పోయొచ్చాము. టోక్యోలో చూసింది వేరే సంగతి. అక్కడినుంచి ఒక రాత్రి బస వేసుకుని గున్మా అనే సీమలో పల్లెలు తిరిగొచ్చాము, అదే ఇక్కడ రాస్తున్నాము. టూర్ కంపెనీ లేదు, గుంపు లేదు. మేమిద్దరం, మా తమ్ముడు, ఒక అద్దె కారు, అంతే.

గున్మాకే ఎందుకు పోయామంటే, జపాన్‌లో రేష్మెకి పుట్టిల్లు లాంటి సీమ అది. మనకీ ఆ దేశానికీ సంబంధం లేకపోలేదు. మనం ఈరోజు పెంచే సీఎస్ఆర్ బైవోల్టిన్ పురుగులు మైసూరు పరిశోధన కేంద్రంలో తయారైనవి. ఆ పనిలో, తరవాత వాటిని రైతుల దాకా చేర్చే పనిలో, 1991 నుంచి 2007 వరకు జపాన్ వాళ్ళ జైకా సంస్థ తోడు నిలిచింది. ప్లాస్టిక్ చంద్రిక, విడి పురుగుల షెడ్డు, చాకి సెంటరు, ఇవన్నీ మన పల్లెల్లో గట్టిగా పాతుకున్నది ఆ కాలంలోనే.

*దారి*

టోక్యో స్టేషన్‌లో బుల్లెట్ రైలు ఎక్కితే 50 నిమిషాల్లో తకసాకి వస్తుంది. మామూలు రైలైతే రెండు గంటల దగ్గర పడుతుంది, ఖర్చు సగం కంటే తక్కువ. తకసాకిలో మేము కారు తీసుకున్నాము. కారు లేనివాళ్ళకి అక్కడే జోషిన్ అనే చిన్న రైలు ఉంది, 40 నిమిషాల్లో టోమియోకా ఊరికి చేరుస్తుంది. స్టేషన్ నుంచి పాత మిల్లుకి నడిచే పోవచ్చు.

*టోమియోకా మిల్లు: ఒకే రకం గూడు*

ఈ రీలింగ్ మిల్లుని జపాన్ సర్కారు 1872లో కట్టించింది. పాల్ బ్రూనా అనే ఫ్రాన్సు దేశస్థుడు దగ్గరుండి నడిపించాడు. రీలింగ్ హాలు పొడవు 140 మీటర్లు, అందులో 300 బేసిన్లు. ఇటుకలు అక్కడ ఎవరికీ తెలియని వస్తువు. ఇంటి పెంకులు చేసేవాళ్ళకి నేర్పించి కాల్పించారు. సిమెంటు దొరక్క సున్నంతోనే కట్టారు. ఇప్పటికీ గోడలు గట్టిగా ఉన్నాయి.

మమ్మల్ని నిలబెట్టింది గూళ్ళ గోదాములు. రెండున్నాయి, ఒక్కొక్కటి 104 మీటర్ల పొడవు. ఒక మిల్లుకి ఇంత గోదాము ఎందుకని మా ఆవిడ అడిగింది. జవాబు అక్కడే తెలిసింది. ఆ రోజుల్లో ఎక్కువగా వసంతకాలంలో ఒక్క పంటే. ఆ ఒక్క పంట గూళ్ళని ఎండబెట్టి ఏడాదంతా రీలింగ్‌కి దాచుకోవాలి. మనకి కొమ్మ కత్తిరిస్తే మళ్ళీ ఆకు వస్తుంది, ఏడాదిలో ఐదారు పంటలు తీస్తాము. ఇది ఎంత వరమో ఆ గోదాములో నిలబడితే తెలుస్తుంది.

ఇంకో సంగతి. రైతు రైతుకీ గూడు వేరే రకంగా వస్తే దారం సమంగా రాదు. అందుకని తరవాత కాలంలో మిల్లువాళ్ళే రైతులకి ఒకే రకం హైబ్రిడ్ గుడ్లు పంచడం మొదలుపెట్టారు. రెండు జాతులు కలిపితే మొదటి తరం పురుగు బలంగా వస్తుందని 1906లో చెప్పింది టొయామ కమెతారో అనే జపాన్ శాస్త్రజ్ఞుడు. మన శిడ్లఘట్ట, రామనగర మార్కెట్లలో రీలరు గూడు చేత్తో నొక్కి చూసి, లాటంతా ఒకే తీరుగా ఉందా అని చూస్తాడే, ఆ చూపు వెనక ఇంత చరిత్ర ఉంది.

మిల్లు 1987లో ఆగిపోయింది. చివరిదాకా నడిచిన ఆటోమేటిక్ రీలింగ్ మిషన్లు అట్లాగే పెట్టారు. వాటిమీద నిస్సాన్ పేరు ఉంది, కార్లు చేసే కంపెనీ. 2014లో ఈ మిల్లునీ, ఇంకో మూడు జాగాలనీ కలిపి యునెస్కో ప్రపంచ వారసత్వంగా గుర్తించింది. ఆ మూడూ రైతు బుర్రతో పుట్టినవి, మనకి అసలు పాఠం వాటిలోనే ఉంది.

*రాత్రి బస*

ఆ రాత్రి షిమోనిత అనే ఊళ్ళో, ఒక కుటుంబం నడిపే చిన్న సత్రంలో ఉన్నాము. చెప్పులు గుమ్మం దగ్గరే విడవాలి. మన పురుగుల షెడ్డులో ఉన్నంత కట్టుబాటు అక్కడ మామూలు ఇంట్లోనే ఉంది. గడ్డి చాప మీద పరుపు వేసి పడుకోవడం, సాయంత్రం చెప్పిన వేళకి భోజనం. శాకాహారులు ముందే గట్టిగా చెప్పుకోవాలి, ఎందుకంటే కూరలు, చారు చాలా మట్టుకు చేపల నీళ్ళతో చేస్తారు. మాకు అన్నం, ఆ ఊరి పేరున్న లావు ఉల్లికాడలు, కొన్యాకు అనే గడ్డతో చేసిన పదార్థం పెట్టారు. జపాన్‌లో పండే కొన్యాకులో నూటికి తొంభై పైగా ఈ గున్మాదే. మల్బరీ తోటలు తీసేసిన మళ్ళలో చాలాచోట్ల ఇప్పుడు అదే పండుతోంది.

సత్రం పెద్దావిడకి మేము పురుగులు మేపుతామని తమ్ముడు చెప్పగానే మొహం వెలిగిపోయింది. చిన్నప్పుడు తమ ఇంటి మేడ మీద పురుగులుండేవని, ఆకు తినే చప్పుడు వాన పడినట్టు వినబడేదని చెప్పింది. పురుగుని ఆవిడ ఉత్తి పురుగు అనలేదు, 'ఒకైకో-సామా' అంది. మన భాషలో 'పట్టుపురుగు గారు' అన్నట్టు. ఆ సీమ రైతులంతా అట్లాగే పిలిచేవాళ్ళట. మనం కూడా మొదటి మేత వేసేముందు దండం పెట్టుకుంటాము కదా, ఆ మర్యాద మాకు కొత్తగా అనిపించలేదు.

*అరాఫునె: చలి*

పొద్దున్నే కొండదారిలో అరగంట పోతే అరాఫునె చలి గిడ్డంగి. 1905 నుంచి 1914 లోపల కట్టిన మూడు రాతి గుంతలు. పైకప్పులు ఇప్పుడు లేవు. రాళ్ళ సందుల్లోంచి ఎండాకాలంలో కూడా మంచులాంటి గాలి వస్తుంది. చెయ్యి పెడితే ఫ్రిజ్ తలుపు తెరిచినట్టుంది. కరెంటు లేదు, యంత్రం లేదు. ఆ గాలిని రాతి గోడల మధ్య బంధించి, గుడ్ల కాగితాలు అందులో దాచేవాళ్ళు. చలిలో గుడ్డు పగలదు. కావలసినప్పుడు బయటికి తీస్తే పురుగు లేస్తుంది. దీనివల్ల వసంతం పంట తరవాత ఎండాకాలం, ఆకురాలు కాలం పంటలు కూడా తీయగలిగారు. దేశం నలుమూలల నుంచీ, కొరియా నుంచీ గుడ్లు ఇక్కడికి దాచడానికి వచ్చేవి.

ఈ పనే ఇప్పుడు మనకి గ్రైనేజీలో కోల్డ్ స్టోరేజీ, యాసిడ్ ట్రీట్‌మెంట్ చేసిపెడుతున్నాయి. మన చేతికి వచ్చేసరికి గుడ్డు నిద్రలేచి ఉంటుంది. అప్పటినుంచి అది కోరేది 25 డిగ్రీల వేడి, 80 శాతం తేమ. మధ్యాహ్నం ఎండలో బండి డిక్కీలో గుడ్లు తెచ్చేవాళ్ళు ఈ ముక్క గుర్తుపెట్టుకోండి. పొద్దున్నో సాయంత్రమో, గాలి ఆడే సంచిలో తేవాలి.

*తకయామ-షా: వేడితో గాలి*

అక్కడినుంచి ఫుజియోక ఊరి పక్కన తకయామ-షా ఇంటికి పోయాము. తకయామ చోగొరో అనే రైతు కనిపెట్టిన పద్ధతి ఇది. చలిగా, తేమగా ఉంటే బొగ్గుల నిప్పుతో వేడి ఇవ్వాలి, ఎండ కాస్తే కిటికీలు తెరిచి గాలి ఇవ్వాలి. రెండూ వాతావరణం చూసి కలపాలి. ఇల్లు రెండంతస్తులు, మేడంతా పురుగులకే. కింద నిప్పు వేడి పైకి పోయేట్టు నేలలో సందులు, ఇంటికప్పు మీద గాలి పోవడానికి చిన్న గోపురాల్లాంటి కిటికీలు.

1884లో ఈ పద్ధతి నేర్పడానికి సంఘం పెట్టారు, తరవాత బడి అయింది. జపాన్ అంతటినుంచీ, చైనా, కొరియా నుంచీ పిల్లలు వచ్చి నేర్చుకున్నారు. నేర్పేవాళ్ళు ఊరూరికీ పోయి రైతు ఇంట్లోనే చూపించేవాళ్ళు. చోగొరో తన పద్ధతి దాచుకోలేదు, అందుకే అది దేశమంతా పాకింది.

*తజిమ యాహెయ్ ఇల్లు: గాలి*

చివరిది ఇసెసాకి దగ్గర, తొనె నది ఒడ్డున షిమామురా అనే పల్లె. కాలం వరసలో చూస్తే ఇది అన్నిటికంటే ముందుది. తజిమ యాహెయ్ మొదట నిప్పు వేడితో పెంచి చూసి నష్టపోయాడు. తరవాత గాలి ధారాళంగా ఆడితే పురుగు బాగుంటుందని తేల్చుకుని, 1863లో ఈ ఇల్లు కట్టాడు. ఇంటికప్పు మీద ఈ కొస నుంచి ఆ కొస దాకా గాలి పోయే ఎత్తు కిటికీ. 1872లో పుస్తకం రాసి అందరికీ చెప్పాడు. పల్లెలో పక్కవాళ్ళు కూడా అదే నమూనాలో కట్టుకున్నారు, కొన్ని ఇళ్ళు ఇంకా ఉన్నాయి. యాహెయ్ ఇంట్లో ఇప్పటికీ కుటుంబం ఉంటోంది, లోపలికి పోనివ్వరు, వాకిలి నుంచి చూసి రావాలి.

ఆ కాలంలో యూరప్‌లో పెబ్రిన్ రోగం వచ్చి పురుగులన్నీ పోతున్నాయి. అందుకని జపాన్ గుడ్లకి గిరాకీ. యాహెయ్ ఇటలీ దాకా తానే పోయి గుడ్లు అమ్మాడు. గుడ్ల పరీక్షకి ఇంట్లో మైక్రోస్కోపు గది కూడా పెట్టుకున్నాడు. ఈరోజు గ్రైనేజీలో తల్లి చిమ్మటని నూరి మైక్రోస్కోపులో చూసేది అదే రోగం కోసం. పరీక్ష లేని గుడ్లు పది రూపాయలు తక్కువకి వస్తాయని కొనే ముందు ఇది తలచుకోండి.

*మరి అక్కడ ఎందుకు ఆగిపోయింది?*

1929లో జపాన్‌లో పురుగులు మేపే కుటుంబాలు 22 లక్షలు. ఇప్పుడు దేశమంతా కలిపి 200 లోపే. గాలి, వేడి, చలి తెలిసినవాళ్ళే. విద్యలో లోటు లేదు. నైలాన్ వచ్చింది, బయటి దేశాల చౌక పట్టు వచ్చింది, కూలి పెరిగింది, పిల్లలు పట్నం ఫ్యాక్టరీలకి పోయారు. సత్రం పెద్దావిడ కొడుకు కూడా టోక్యోలోనే ఉన్నాడు. ఆ మాట వచ్చినప్పుడు మా తమ్ముడు తల దించుకున్నాడు. మేమూ ఏమీ అనలేదు. మా ఊళ్ళో కూడా తాళం పడిన షెడ్లు ఉన్నాయి, ఆ ఇళ్ళ పిల్లలు బెంగళూరు బస్సు ఎక్కినవాళ్ళే.

పిల్లల్ని ఆపమని మేము చెప్పడం లేదు. పంట నిలకడగా వస్తే, లెక్క కళ్ళకి కనబడితే, కొందరైనా ఉంటారు. నిలకడ కావాలంటే షెడ్డు పురుగు కోసం కట్టినదై ఉండాలి. ఆ మూడు ఇళ్ళనుంచి మేము తెచ్చుకున్న మాట ఇదే.

*ఈ పంటకి చేయవలసిన పని*

1. షెడ్డులోకి పోయి పైకి చూడండి. వేడిగాలి పైకి పోతుంది, దానికి దారి ఉందా? రేకుల షెడ్డైతే కప్పు కింద గోడలో ఎదురెదురుగా గాలి కిటికీలు పెట్టించండి. ఊజీ ఈగ రాకుండా సన్న జాలీ తప్పదు.

2. రెండు బుడ్ల థర్మామీటరు ఒకటి పురుగుల ఎత్తులో వేలాడదీయండి. చాకిలో 27, 28 డిగ్రీలు, 80 నుంచి 90 శాతం తేమ. నాలుగో జ్వరం తరవాత 24 డిగ్రీల దగ్గర, తేమ 70 శాతం దాటకుండా. రోజుకి మూడుసార్లు నోటు పుస్తకంలో రాయండి.

3. పెద్ద పురుగు మొత్తం ఆకులో 80 శాతం పైగా ఐదో దశలోనే తింటుంది. ఆ వారంలోనే వేడి, తేమ, వాసన ఎక్కువ. వాన పడుతోందని కిటికీలన్నీ మూసేయకండి. గాలి ఆడని చోటే పాలరోగం, సప్పె రోగం ముదురుతాయి.

4. చంద్రికలో పడేసిన రెండు రోజులు గాలి ఇంకా ముఖ్యం. గూడు కట్టే ముందు పురుగు చాలా నీళ్ళు వదులుతుంది. ఆ తేమ బయటికి పోకపోతే గూడు మెత్తబడుతుంది, దారం తెగుతుంది, మార్కెట్లో ధర పడుతుంది. తేమ 60 నుంచి 65 శాతంలో ఉంచండి.

5. మీ షెడ్డులో ఏ మూల వేడి, ఏ మూల చల్లన, ఏ నెలలో గాలి ఎటునుంచి, ఇవి ఇంట్లో చిన్నవాళ్ళకి ఒక్కసారైనా చూపించి చెప్పండి. మీ థర్మామీటరు పుస్తకం వాళ్ళ చేత రాయించండి.

మీ షెడ్డు కప్పు కింది భాగం ఫోటో ఒకటి, ఒక వారం వేడి-తేమ లెక్క ఒకటి ఈ గ్రూపులో పెట్టండి. ఎవరి షెడ్డులో గాలి బాగుందో, ఎక్కడ కిటికీ తక్కువ పడిందో అందరం కలిసి చూసుకుందాము. వచ్చే పాఠం వానాకాలంలో ఆకు తేమ గురించి.