నఖము: శంఖజీవి మూతకు గోటి పేరు

సంస్కృతమున నఖశబ్దమునకు గోరు అనునది ప్రసిద్ధార్థము. నిఘంటువులందును వైద్యగ్రంథములందును ఈ శబ్దమునకే గంధద్రవ్యవిశేషమను మరియొక యర్థము కలదు. తెలుగు పాఠకునకు మొదటి యర్థము సుపరిచితము. రెండవది దాదాపుగ మరుగుపడినది. ధూపయోగములందు 'నఖము' కనిపించినచోట దానిని జంతువు గోరుగనో, పేరు తెలియని మూలికగనో భావించుటకు తావున్నది. ఆ ద్రవ్యము గోరును గాదు, మూలికయును గాదు. అది సముద్రమునందలి నత్తజాతి ప్రాణుల దేహమున నొక భాగము. ఆ భాగమునకు ఈ పేరెట్లు వచ్చెను, ఇతర భాషలందు దాని గతి యెట్టిది అనునవి ఇచట విచార్యములు.

1. వస్తుస్వరూపము

శంఖము, సముద్రపు నత్త మొదలగు ప్రాణులలో పెక్కింటికి పాదము వెనుకభాగమున, మీదివైపున, గట్టి బిళ్ల యొకటి అంటియుండును. ప్రాణి చిప్పలోనికి ముడుచుకొనినప్పుడు ఈ బిళ్ల ద్వారమునకు తలుపువలె అడ్డుపడును. శత్రువులనుండి రక్షణ, లోపలి తడి ఆరిపోకుండుట దీని ప్రయోజనములు. శాస్త్రజ్ఞులు దీనికి 'ఓపెర్కులుమ్' అని పేరిడిరి. ఇది లాటిను పదము. కప్పుట అనెడి అర్థముగల 'ఓపెరీరె' ధాతువునుండి పుట్టినది. మూత యని భావము. చేపల మొప్పలను కప్పెడి యెముకపలకకును ఆ పేరే చెల్లుచున్నది గాని, ఆ రెండు అవయవములకు పుట్టుకలో సంబంధము లేదు. పనిని బట్టి పేరు పెట్టుటవలన భిన్నవస్తువులు ఏకనామము పొందుటకు ఇది యుదాహరణము.

ఈ మూతలు రెండు తెగలు. కొన్ని సున్నపురాతివలె తెల్లగ బరువుగ నుండును. అవి కాల్చినను గంధద్రవ్యమునకు పనికిరావు. రెండవ తెగవి కొమ్మువంటి పదార్థముతో నేర్పడి, గోధుమవన్నెతో, పలుచగ నుండును. ధూపమునకు వాడబడునవి ఇవియే. మన్నారు సింధుశాఖయందు విస్తారముగ దొరకెడి పూజాశంఖపు మూత ఈ రెండవ తెగలోనిది. అది యొకకొనయందు మొనదేరి, కొంచెము వంగి, జంతువు గోటిని తలపించును. దానిపై పెరుగుదలను తెలుపు రేఖలు వరుసగ నుండును.

2. అమరకోశసాక్ష్యము

అమరసింహుడు ఈ ద్రవ్యమునకు నఖముతోపాటు వ్యాఘ్రనఖము, వ్యాడాయుధము, కరజము, చక్రకారకము, శుక్తి, శంఖము, ఖురము, కోలదలము అనెడి పేర్లను వనౌషధివర్గమున కూర్చినాడు. ఈ నామములను అర్థమును బట్టి విభజించినచో వస్తుస్వరూపము బయల్పడును.

నఖము, కరజము, వ్యాఘ్రనఖము, వ్యాడాయుధము అనునవి గోటి పోలికనుండి పుట్టినవి. ఖురము గిట్ట పోలికనుండియు, కోలదలము రేగాకు పోలికనుండియు వచ్చినవి. చక్రకారకమను పేరు బిళ్ల మీది చుట్టురేఖలకు చక్కగ నొప్పుచున్నది. ఇవన్నియు ఆకృతినిబట్టి యేర్పడినవి. శుక్తి, శంఖము అను రెండు మాత్రము ఆకృతినామములు గావు. ద్రవ్యము ఏ ప్రాణినుండి లభించునో ఆ ప్రాణి పేరే ద్రవ్యమునకు సంక్రమించినది. ఈ రెండు పదములే ఇచట ముఖ్యసాక్ష్యము. నఖము మూలికయైనచో దానికి శంఖమనెడి పేరు వచ్చుటకు హేతువు కానరాదు.

లింగవిషయమునను ఒక భేదము గమనింపదగినది. వ్రేలిగోటిని చెప్పునపుడు అమరుడు నఖశబ్దము స్త్రీలింగము గాదని, అనగా పుంనపుంసకములు రెండింటను చెల్లునని, నిర్దేశించినాడు. గంధద్రవ్యమును చెప్పునపుడు నపుంసకరూపమునే పఠించినాడు. ద్రవ్యనామమై స్థిరపడిన పదము లింగమునను స్థిరత్వము పొందినదని దీనివలన ఊహింపవచ్చును.

ప్రాణిజన్యమైన ద్రవ్యము ఓషధులలో చేరుటయే భ్రమకు ప్రధానకారణము. కస్తూరిని అమరుడు మనుష్యవర్గమున అలంకారద్రవ్యములతో చెప్పినాడు. నఖమును మాత్రము సుగంధమూలికల సరసన నిలిపినాడు. అంగడియందు ఏ వస్తువులతో కలిసి అమ్ముడుపోవునో వానితోనే నఖమును కూర్చినట్లు తోచుచున్నది. వర్గము ఉపయోగమును తెలుపునేగాని పుట్టుకను తెలుపదు.

3. శాస్త్రగ్రంథములందలి వాడుక

క్రీ. శ. 6వ శతాబ్దివాడైన వరాహమిహిరుడు బృహత్సంహితలోని గంధయుక్తి ప్రకరణమున ధూపద్రవ్యములలో నఖమును పేర్కొనినాడు. 16వ శతాబ్దికి చెందిన భావప్రకాశమున కర్పూరాదివర్గమందు నఖము రెండు విధములుగ చెప్పబడినది: పెద్దది వ్యాఘ్రనఖము, చిన్నది నఖి. కర్పూరాదివర్గము పరిమళమును ప్రధానముగ గ్రహించిన విభాగమగుటచే నఖము అచట సముచితస్థానమున నున్నది.

శుద్ధిచేయని నఖమును కాల్చినచో వెండ్రుకలు కాలిన వాసన వచ్చును. శుద్ధిచేసి కొలదిగ కలిపినపుడు అది ఇతర పరిమళములను పట్టి నిలుపును. కావుననే దానిని వాడిన ప్రతిదేశమునను శోధనవిధి యొకటి ఏర్పడినది.

4. పశ్చిమదేశములందలి పేర్లు

గ్రీకు వైద్యుడు డయస్కోరిడీస్ క్రీ. శ. 1వ శతాబ్దిలో తన ఓషధిగ్రంథమున ఈ వస్తువును 'ఓనిక్స్' అని వర్ణించినాడు. ఓనిక్స్ అనగా గోరు. అది చిప్పజీవి మూతయనియు, భారతదేశమున జటామాంసి పెరుగు సరస్సులలో దొరకుననియు, ఆ జీవులు జటామాంసిని మేయుటచే మూతకు సువాసన కలుగుననియు అతడు వ్రాసినాడు. సరస్సులను గూర్చిన మాట కల్పనయే. జటామాంసి హిమాలయపుటెత్తులందు పెరుగు మొక్క. అయినను ఆ కల్పనలో ఒక చారిత్రకసత్యము దాగియున్నది: మధ్యధరావర్తకులు ఈ ద్రవ్యమును భారతదేశపు సరకుగ, జటామాంసితో సంబంధముగలదానిగ ఎరిగియుండిరి.

హీబ్రూ బైబిలున నిర్గమకాండము 30వ అధ్యాయమందు పవిత్రధూపమున చేర్చవలసిన ద్రవ్యములలో 'షెహేలెత్' ఒకటి. దానిని గ్రీకు అనువాదకులు ఓనిక్స్ శబ్దముతో తెలిపిరి. వాక్యమున అది ద్వితీయావిభక్తిలో నుండుటచే రూపము 'ఓనుఖా' యైనది. లాటిను అనువాదము ఆ రూపమునే నిలిపెను. ఆంగ్లమున అదియే ప్రథమారూపమువలె స్థిరపడెను. విభక్తిప్రత్యయము ప్రాతిపదికలో లీనమై క్రొత్తశబ్దము పుట్టుటకు ఇది మంచి నిదర్శనము. తరువాతి యూదధర్మగ్రంథమైన తల్మూదున ఆ ధూపద్రవ్యముల పట్టికలో 'ట్సిప్పోరెన్' కనిపించును. దానికిని గోరు అనియే అర్థము. దానిని క్షారముతో రుద్దవలెననియు, సైప్రస్ ద్రాక్షసారాయమున నానవేయవలెననియు అచట విధి కలదు. అది మొక్కయని వాదించినవారు ఆ సంప్రదాయమునను కలరు.

అరబ్బీ వైద్యులు దీనిని 'అజ్ఫార్ అల్-తీబ్', అనగా సుగంధపు గోళ్లు, అనిరి. మధ్యయుగపు లాటిను పేరు 'ఊంగ్విస్ ఓడోరాటుస్' అనునదియు పరిమళపు గోరే. జపానీయుల ధూపవిద్యలోని 'కైకో' ఈ వస్తువే.

5. ఏకోపమకు కారణము

సంస్కృత నఖము, గ్రీకు ఓనిక్స్, లాటిను ఊంగ్విస్ అనునవి ఒకే మూలభాషాశబ్దమునుండి వచ్చిన సోదరపదములు. అంతమాత్రమున గంధద్రవ్యార్థము కూడ పూర్వులనుండి సంక్రమించినదని చెప్పరాదు. ట్సిప్పోరెన్, అజ్ఫార్ పదములు సెమిటిక్ కుటుంబమునవి. ఈ మూడింటితో వానికి చుట్టరికము లేదు. ఐనను ఉపమ యొక్కటియే. కావున శబ్దము వారసత్వము, అర్థము వేరు విధమున వచ్చినది.

ఆకృతిసామ్యము స్పష్టమగుటచే ప్రతిజాతియు స్వతంత్రముగనే గోరు అని యుండవచ్చును. వర్తకులతో సరకును, దానితో పేరు తాత్పర్యమును ప్రయాణించి యుండవచ్చును. డయస్కోరిడీస్ గ్రంథము 9వ శతాబ్దిలో బాగ్దాదున అరబ్బీలోనికి వచ్చినది; అరబ్బీవిషయమున అనువాదప్రభావము కొట్టివేయదగినది గాదు. ఆధునిక జంతుశాస్త్రజ్ఞులును ఇట్టి మూతలను వర్ణించునపుడు ఊంగ్విస్ నుండి పుట్టిన విశేషణమునే వాడుచున్నారు. పాత సంప్రదాయముతో ప్రయోజనము లేకయే కంటికి తోచిన పోలిక యిది. ఇది మొదటి మార్గమునకు బలము.

6. నిఘంటుకారులకు ఫలితము

తెలుగునాట తేలుకొండి, గరుడముక్కు అని పిలువబడు మొక్కకు వ్యాఘ్రనఖమను పేరు నేడు చెల్లుచున్నది. దాని కాయకు వంకరకొక్కెములుండుటయే హేతువు. ఆ మొక్క అమెరికాఖండమునుండి వచ్చినది. వరాహమిహిరుని నాటికి అది యిచట నుండుట అసంభవము. కావున ప్రాచీన ధూపయోగములందలి వ్యాఘ్రనఖమునకు ఆ మొక్క అర్థము గాజాలదు. ఆ అర్థమును గ్రహించి ధూపము చేసినచో కూర్పు మారును. గ్రంథమును అనువదించినచో అర్థము చెడును.

నఖశబ్దమును వివరించు తెలుగు నిఘంటువున గోరు, గంధద్రవ్యము అను రెండర్థములను వేరుగ చూపవలెను. రెండవ యర్థమున 'శంఖాది జలచరముల పాదమునకు అంటియుండు కొమ్మువంటి మూత. ధూపద్రవ్యము' అని స్పష్టముగ వ్రాయవలెను. వ్యాఘ్రనఖశబ్దమున పాత యర్థమును మొక్కపేరును కాలభేదముతో విడదీయవలెను. ఒక గంధద్రవ్యమని మాత్రము చెప్పి విడిచినచో, శంఖమును శుక్తిని పర్యాయములుగ చెప్పి అమరుడు చూపిన మార్గము మూసికొనిపోవును.