తీర్పులో తప్పు దొర్లిందా? దిద్దేవరకు అమలు ఆపించుకోవడం ఎలా?

సెలవు రోజున దుబాయ్‌లోని అల్ ఖూజ్ క్యాంపు గదిలో, మంచం మీద కాగితాలు పరుచుకుని చూడటం మాకు అలవాటే. బ్యాంకు అప్పో, గ్యారేజీ బాకీయో కోర్టుకెక్కుతుంది, తీర్పు వస్తుంది. కట్టిన కిస్తీలు తీసివేయలేదని ఆ తర్వాత బయటపడుతుంది. కంగారు పడకండి, ఒక్కో మెట్టూ కలిసే ఎక్కుదాం. ఒక్క మాట మాత్రం ముందే గట్టిగా పట్టుకుందాం: తప్పు దిద్దమనే అర్జీ వేరు, అమలు ఆపమనే అర్జీ వేరు. ఒకటి వేస్తే రెండోది దానంతటదే జరగదు.

కావలసినవి

- తీర్పు కాపీ, కేసు నంబరు. అమలు ఫైలుకు వేరే నంబరు ఉంటుంది, అదీ రాసుకోండి.
- లైసెన్సున్న అనువాదకుడి చేత లీగల్ ట్రాన్స్‌లేషన్. దుబాయ్ కోర్టుల భాష అరబీ.
- ఎమిరేట్స్ ఐడీ, పాస్‌పోర్టు, యూఏఈ పాస్.
- కట్టిన ప్రతి దిర్హంకూ రసీదు, బ్యాంకు స్టేట్‌మెంటు.

పద్ధతి

1. అంకెలు సరిచూద్దాం. అరబీ అంకెలున్న కాపీ అయితే నిదానంగా చదవండి. అక్కడ సున్న చిన్న చుక్కలా ఉంటుంది. మన సున్నలా గుండ్రంగా కనిపించేది అయిదు, మన ఏడులా కనిపించేది ఆరు. తప్పు తీర్పులో ఉందో, మనం చదవడంలో ఉందో ముందు తేలాలి.

2. తప్పు ఏ రకమో తేల్చుకుందాం. రాతలో, కూడికలో జరిగిన పొరపాటును తీర్పు ఇచ్చిన కోర్టే దిద్దుతుంది. 2023 జనవరి 2 నుంచి అమల్లో ఉన్న యూఏఈ సివిల్ ప్రొసీజర్ చట్టంలో ఈ వీలుంది. జడ్జి నిర్ణయమే తప్పంటే మాత్రం అప్పీలుకు వెళ్లాలి. దానికి గడువు మామూలుగా 30 రోజులు, అత్యవసర విషయాల్లో 10 రోజులే.

3. కేసు ఏ మెట్టు మీద ఉందో చూద్దాం. మొదటి కోర్టు తీర్పును, అప్పీలుకు వీలున్నంతవరకు, సాధారణంగా బలవంతంగా అమలు చేయరు. 'తక్షణ అమలు' అని రాసి ఉంటే ఆ రక్షణ ఉండదు. అప్పీలు తీర్పు తర్వాత ఆ పైనున్న కసేషన్ కోర్టుకు వెళ్లినంత మాత్రాన అమలు ఆగదు. పూడ్చుకోలేని నష్టం జరుగుతుందని చూపించి, విడిగా స్టే అడగాలి.

4. రెండు అర్జీలూ వెంటవెంటనే వేద్దాం. అమలు ఫైలు తెరిచి ఉంటే, దిద్దుబాటు అర్జీ వేసిన రుజువుతో అమలు జడ్జిని ఆశ్రయించాలి. తప్పున్న వాక్యం, ఉండాల్సిన వాక్యం, దానికి రసీదు: ఈ మూడూ వరుసగా పెడితే చదివేవారికి తేలిక. తగాదా లేని మొత్తం కట్టడానికి సిద్ధమని రాస్తే మన మాటకు బరువు పెరుగుతుంది.

5. ఉత్తర్వు వచ్చాక మళ్లీ చూసుకుందాం. అప్పటికే బ్యాంకు ఖాతా స్తంభించినా, ట్రావెల్ బ్యాన్ పడినా, అవి తొలగాయో లేదో ఒక్కొక్కటిగా కనుక్కోవాలి.

ఊరికి తిరిగొచ్చినవారికి

2020 జనవరిలో భారత ప్రభుత్వం యూఏఈని సివిల్ ప్రొసీజర్ కోడ్ 44ఏ సెక్షన్ కిందికి తెచ్చింది. అంటే దుబాయ్ డిక్రీ కరీంనగర్ జిల్లా కోర్టులోనూ అమలుకు రావచ్చు. మోసంతో పొందిన తీర్పనో, మన వాదన చెప్పుకునే అవకాశమే ఇవ్వలేదనో అదే కోడ్ 13వ సెక్షన్ కింద ఆ జిల్లా కోర్టులో అభ్యంతరం చెప్పుకోవచ్చు. తీర్పులోని అంకె దిద్దించడానికి మాత్రం దుబాయ్ కోర్టుకే వెళ్లాలి. కాబట్టి అక్కడి వకీలుకు పవర్ ఆఫ్ అటార్నీ పంపండి.

తరచూ జరిగే పొరపాట్లు

- అర్జీ వేశాం కదా అని టికెట్ కొనేయడం. ఉత్తర్వు చేతికి రాకుండా ఎయిర్‌పోర్టుకు వెళ్లొద్దు.
- ఫోనుకొచ్చిన కోర్టు మెసేజ్‌ను చదవకుండా తుడిచేయడం. అక్కడ ఎస్సెమ్మెస్, ఈమెయిల్ ద్వారా వచ్చే నోటీసూ చెల్లుతుంది.
- "నేను చూసుకుంటా" అన్న ఏజెంటుకు రసీదు లేకుండా డబ్బివ్వడం. దారి తెలియకపోతే దుబాయ్ భారత కాన్సులేట్ వారి ప్రవాసీ భారతీయ సహాయతా కేంద్రాన్ని అడగండి.
- నోటీసు ఏ రోజు అందిందో మరిచిపోవడం. అందిన రోజే ఫొటో తీసి, తేదీ రాసి పెట్టుకోండి. గడువు లెక్కకు ఆ తేదీ అవసరం పడవచ్చు.