సాలూరి రాజేశ్వరరావు: నటన నుండి స్వరరచనకు

1919లో విజయనగరంలో సంగీత కళాశాల నెలకొన్నది. దానితో శృంగవరపుకోట, బొబ్బిలి, సాలూరు వంటి కళింగాంధ్ర పట్టణాలకు శాస్త్రీయ సంగీత విద్య మరింత చేరువయింది. ఆ నాదవాతావరణంలోనే 1922లో సాలూరు సమీపాన గల శివరామపురంలో రాజేశ్వరరావు జన్మించారు. ఆ గ్రామం నేడు పార్వతీపురం మన్యం జిల్లాలో ఉన్నది. తండ్రి సన్యాసిరాజు మృదంగ విద్వాంసుడు. కుమారునికి తొలి గురువు ఆయనే.

ఆనాటి చలనచిత్రాలలో నేపథ్యగానం లేదు. నటులే కెమెరా ముందు పాడుతూ అభినయించేవారు. అందువలన గానం తెలిసిన బాలురకు ఎంతో ఆదరణ ఉండేది. ఆ విధంగా 1935లో ‘శ్రీకృష్ణలీలలు’ చిత్రంలో రాజేశ్వరరావు బాలకృష్ణునిగా ప్రేక్షకుల మనసు దోచారు. కంసునిగా నటించిన వేమూరి గగ్గయ్య వంటి దిగ్గజం ఎదుట ఆయన జంకలేదు. 1936లో ‘శశిరేఖా పరిణయం’లో అభిమన్యుని పాత్ర ధరించారు. కలకత్తాలో హిందుస్తానీ సంగీతంతోను, వంగదేశపు బాణీలతోను ఏర్పడిన పరిచయం ఆయన ప్రతిభకు కొత్త మెరుగులు దిద్దింది.

1940లో ‘ఇల్లాలు’ చిత్రంలో నటించిన పిమ్మట ఆయన దృష్టి క్రమంగా స్వరరచన వైపు మరలింది. అదే కాలంలో నేపథ్యగానం వ్యాప్తి చెందసాగింది. తెరపై ముఖం ఒకరిది, కంఠం మరొకరిది, బాణీ వేరొకరిది అయినాయి. తెరమీద కనిపించే కీర్తిని విడిచి, కనిపించని సాధనను రాజేశ్వరరావు స్వీకరించారు.

జెమినీ సంస్థ నిర్మించిన ‘చంద్రలేఖ’ (1948) సంగీత దర్శకులలో ఆయన ఒకరు. ‘మల్లీశ్వరి’ (1951)లో దేవులపల్లి కృష్ణశాస్త్రి సాహిత్యానికి ఆయన కూర్చిన బాణీలు తెలుగువారి నాలుకలపై నిలిచిపోయాయి. ‘విప్రనారాయణ’ (1954)లో భక్తి, ‘మిస్సమ్మ’ (1955)లో లాలిత్యం ఆయన స్వరాలలో ఒదిగాయి. శాస్త్రీయ రాగాన్ని పామరునికి సైతం పాడుకొనదగిన పాటగా మలచుటయే ఆయన విశిష్టత.

1957 నాటి ‘మాయాబజార్’కు కొన్ని బాణీలు సమకూర్చి ఆయన తప్పుకొనగా, సంగీత బాధ్యతను ఘంటసాల పూర్తి చేశారు. బాల్యంలో అభిమన్యునిగా తాను పాడి నటించిన కథకే ఇరువది ఒక్క సంవత్సరాల పిమ్మట తెర వెనుక నుండి ఆయన స్వరం కూర్చారు! 1999 అక్టోబరులో రాజేశ్వరరావు కన్నుమూశారు. బాలకృష్ణుని వేషం నేడు కొందరికే తెలుసు. ఆయన బాణీలు మాత్రం ఇంటింటా వినిపిస్తూనే ఉన్నాయి. కళాకారునికి శాశ్వతత్వం ప్రసాదించేది రూపం కాదు, సాధన.

ప్రశ్నలు
1. తొలినాళ్ల చిత్రాలలో గానం తెలిసిన నటులకు ఆదరణ ఎందుకు ఉండేది?
2. రాజేశ్వరరావు స్వరరచనలోని విశిష్టతను వివరించండి.