రాజశేఖరం మా ఖోలీకి వచ్చేవాడు

1973లో పెళ్లయి సిరిసిల్ల పక్క ఊరి నుంచి బొంబాయి దగ్గరి భివండి వచ్చాను. కామత్‌ఘర్‌లో పది అడుగుల ఖోలీ, గోడ అవతల సాంచాల కార్ఖానా. సాంచా అంటే కరెంటు మగ్గం. మా ఆయనది రాత్రి పాళీ, పన్నెండు గంటలు. పగలు ఆయన నిద్రపోతుంటే నేను వరండాలో బీడీలు చుట్టేదాన్ని. ఆ చాల్‌లో ఏడో తరగతి దాకా చదివిన కోడలిని నేనొక్కదాన్నే. అందుకని ఎనిమిది మంది చాటలు ముందర పెట్టుకుని కూర్చుంటే, మధ్యలో కూర్చుని నవల చదివి వినిపించే పని నాకు అప్పజెప్పారు. తలా రెండు కట్టలు నా వంతుకు చుట్టి ఇచ్చేవాళ్ళు. కట్టకు ఇరవై ఐదు. అంటే రోజుకు నాలుగు వందల బీడీలు నా నోటి కూలి.

దాదాపు ఇరవై ఏళ్ళు చదివాను. ఎక్కువగా యద్దనపూడి సులోచనారాణి పుస్తకాలే. ఊరికి పోయొచ్చేవాళ్ళు సంచి అడుగున, మామిడికాయ తొక్కు సీసా పక్కన పెట్టి తెచ్చేవాళ్ళు. అందులో సగం కరీంనగర్ అద్దె పుస్తకాల షాపులకు తిరిగి చేరనివి. ఆ పాపం మా అందరిదీ.

డెబ్బై దాటాక మనవరాలు అడిగింది, అన్నేళ్ళు చదివి ఏం నేర్చుకున్నావని. గుర్తొచ్చినంత వరకు రాస్తున్నాను.

1. కోటీశ్వరుడు కథలోకి రాగానే కూలిజనం అతని లెక్కలు అడుగుతారు.

‘సెక్రటరీ’ 1960ల్లో జ్యోతి మాసపత్రికలో సీరియల్‌గా వచ్చిన నవల. మా దాకా వచ్చేసరికి పదేళ్ళయింది, అట్ట ఊడిపోయింది. అందులో నాయకుడు రాజశేఖరం గారి డబ్బు, కారు, దర్జా గురించి చదువుతుంటే మా అత్త వరస ఒకామె చెయ్యి అడ్డం పెట్టింది. “ఆగు కోడలా. ఈయన కింద ఎంతమంది పనిచేస్తరు?”

“రాయలేదత్తా.”

“మజూరి ఎట్లిస్తడు? మీటరుకింతనా, నెలకింతనా?”

“అదీ రాయలేదు.”

“రాయకుంటే మంచోడో కాదో మనకెట్ల తెలుస్తది?”

పుస్తకంలో ఎవరూ మజూరి కోసం అతని గేటు ముందు నిలబడలేదు కాబట్టి మంచివాడే అయ్యుంటాడని నలుగురూ తేల్చాక కథ ముందుకు సాగింది. నవ్వొస్తుంది కానీ, సేటు అనే మనిషి మాకు పుస్తకంలో పుట్టలేదు. కొన్నేళ్ళకు, 1982 జనవరి 18న దత్తా సామంత్ నాయకత్వంలో బొంబాయి మిల్లుల సమ్మె మొదలైంది. మిల్లులు మూతబడుతుంటే బట్ట పని భివండి సాంచాల మీదికి వచ్చి పడింది. నిన్నటిదాకా నాలుగు సాంచాలున్నవాడు నలభైకి ఎదగడం కళ్ళారా చూశాం. సేటు బాధపడటమూ చూశాం. నూలు ధర పెరిగితే సేటుకు దిగులొస్తుంది, సేటుకు దిగులొస్తే మా మజూరి ఆగుతుంది. మరి రాజశేఖరం కిటికీ దగ్గర నిలబడి దిగులుగా బయటికి చూస్తున్నాడని చదివితే వీళ్ళకు ముందు అనుమానం రాక ఏం వస్తుంది?

2. అచ్చులో ఉన్నది ఉన్నట్టు చదివితే ఎవరూ వినరు.

రచయిత్రిది కృష్ణా జిల్లా కాజ. వినేవాళ్ళవి సిరిసిల్ల, సిద్దిపేట, నల్లగొండ పల్లెలు. పుస్తకంలో అతను గుమ్మంలో నిలబడితే, నా నోట్లో దర్వాజ కాడ నిలవడేవాడు. ఆమెకు కోపం వచ్చిందని ఉంటే “గుస్స వచ్చింది” అనేదాన్ని. అప్పుడే “ఔ మరి, రాదా?” అని బదులొచ్చేది. పెద్దింటి మాటలు మాత్రం మార్చనిచ్చేవాళ్ళు కాదు. “మీరు”, “అండీ” అలాగే ఉండాలి. మగవాడు ఆడదాన్ని “మీరు” అని పిలవడం వినడానికే కొందరు వచ్చి కూర్చునేవాళ్ళు. అది నాకు చాలా రోజులకు గానీ తెలియలేదు.

3. సరసం ఘట్టం వచ్చినప్పుడు ముఖాలు చూడొద్దు, చేతులు చూడాలి.

యద్దనపూడి నవలల్లో చెయ్యి తగిలితేనే పెద్ద సంగతి. 1984లో స్వాతి వారపత్రిక మొదలైంది, సరసమైన కథలు వచ్చాయి, ఆలుమగల సందేహాలకు డాక్టర్ సమరం గారి జవాబులు వచ్చాయి. మా వరండాకు గాలి మారింది. అలాంటి పేజీ వస్తే ముఖాలు ఎవరివీ కదిలేవి కావు. అందరూ తునికాకు కత్తిరించడంలో మునిగిపోయినట్టే ఉండేవాళ్ళు. కానీ కత్తెర చప్పుడు ఆగేది. ఆకులో తంబాకు పోసి, రెండు బొటనవేళ్ళతో బిగించి తిప్పి, మూతి మడిచి దారం కట్టాలి. ముద్దు దగ్గర ఆ బిగువు పోయేది. మరుసటి రోజు బీడీ కార్ఖానాలో సరుకు చూసుకునే మనిషి వదులుగా ఉన్నాయని పక్కన పడేసిన కట్టలను బట్టి, నిన్న నేను ఏ పేజీ చదివానో చెప్పొచ్చు.

“సిగ్గులేని రాతలు” అని గట్టిగా తిట్టిన వదినే, కాసేపాగి “అక్కడ నాకు సరిగ్గ ఇనవడలే, మళ్ళ చదువు” అనేది. గోడ అవతల సాంచాల మోతలో వినబడకపోవడం నిజమే కూడా. అందుకే మంచి ఘట్టాలన్నీ కరెంటు పోయినప్పటికి దాచి పెట్టేదాన్ని. కరెంటు పోతే సాంచాలు ఒక్కసారిగా ఆగేవి, మగవాళ్ళకు మజూరి పోయేది, మాకు కథ వినబడేది.

4. డబ్బు దగ్గరికి ఎవరూ పోలేరు. గాయం దగ్గరికి ఎవరైనా పోవచ్చు.

ఇంతటి ధనవంతుణ్ణి కథల్లో ఎందుకు ఏడిపిస్తారో చాలా రోజులు ఆలోచించాను. ఆరడుగుల అందగాడు, కారు, బంగళా ఉన్నాయి. ఇంక ఆ పిల్ల అతనికి ఇవ్వడానికి ఏం మిగిలింది? లోపల ఎక్కడో ఒక దెబ్బ తగిలి ఉండాలి. చిన్నప్పుడు తల్లి పోవాలి, లేదా నమ్మిన మనిషి మోసం చేయాలి. అప్పుడు బీద పిల్ల దగ్గర ఉన్నదేదో అతనికి లేనిదవుతుంది, ఇద్దరూ సమానమవుతారు. నా శ్రోతల అనుమానం కరిగేది సరిగ్గా అక్కడే. సేటు మజూరి లెక్క అడిగిన అత్తే, అతను ఒంటరిగా అన్నం తిన్నాడని చదవగానే “అయ్యో, వడ్డించేటోళ్ళు లేరా” అంది. బంగళాలో నౌకర్లు ఎంతోమంది ఉన్నారని నేను గుర్తు చేస్తే నన్ను కసురుకుంది.

మనవరాలు ఒకసారి ఫోన్లో చూపించింది. క్యూబాలో చుట్టలు చుట్టే కార్ఖానాల్లోనూ ఎత్తు పీట మీద ఒకరు కూర్చుని చదివేవాళ్ళట. 1865లో హవానాలో మొదలైందట. చదివే మనిషికి జీతం కూలీలే తలా కొంత వేసుకుని ఇచ్చేవాళ్ళట. అది చదివి నా నాలుగు వందల బీడీలు గుర్తొచ్చి గర్వపడ్డాను. వాళ్ళు ముచ్చటపడి విన్న పుస్తకాల్లో ఒకటి డ్యూమా రాసిన మాంటెక్రిస్టో కథ. చెయ్యని తప్పుకు జైల్లో పడి, బయటికొచ్చి లెక్కలేని డబ్బు చేజిక్కించుకుని, లోపల మాత్రం గాయం మానని మనిషి. ఆ పేరు మీద చుట్టల బ్రాండే ఉంది. సముద్రాల అవతల పొగాకు చుట్టేవాళ్ళు కూడా దెబ్బతిన్న డబ్బున్నవాడినే కోరుకున్నారన్నమాట.

5. లేచి వెళ్ళిపోయిన మనిషి కూడా పాఠకురాలే.

మూల ఖోలీలో ఒక అక్క ఉండేది. నాకంటే ఐదారేళ్ళు పెద్ద. వెయ్యి బీడీలు అందరికంటే ముందు ముగించేది, నవల మొదలైతే చాట ఎత్తుకుని లోపలికి పోయేది. మొదట్లో నాకు కోపం. కథ అంటే పడని మనిషి అనుకున్నాను.

ఒక రోజు కథలో నాయకుడు అనుమానంతో ఆ పిల్లను నానా మాటలూ అన్నాడు. తర్వాతి పేజీలో అతని బాల్యం చెప్పారు. మా వరండా అంతా కళ్ళు తుడుచుకుంటోంది. అక్క దర్వాజ కాడికి వచ్చి నిలబడింది. రవిక చెయ్యి పైకి జరిపి చూపించింది. మోచేతి పైన బీడీ మొన అంత గుండ్రటి మచ్చలు, మూడు.

“మా ఆయన కూడ బాధల్నుంచే తాగిన్నంటడు. ఆయనకు చిన్నప్పుడు అవ్వ లేదు. మరి నాకు గాయముంది కద. నా కారేది?”

ఎవరూ మాట్లాడలేదు. నేను పుస్తకం మూశాను. మేం దేవదాసు కోసం కూడా ఏడ్చినవాళ్ళమే. 1953 సినిమా ఊళ్ళో ఎన్నిసార్లు వస్తే అన్నిసార్లు ఏడ్చాం. తాగుబోతు తెర మీద ఉంటే ఏడుస్తాం, ఇంట్లో ఉంటే పక్కింటికి పరుగెత్తుతాం.

ఆ తర్వాత నా చదువు మారింది. నాయకుడికి కోపం వచ్చిన చోట తొందరగా దాటేసేదాన్ని కాదు, నెమ్మదిగా చదివేదాన్ని. వినేవాళ్ళు కూడా అతని దుఃఖం ఎంతన్నది వదిలేసి, కోపం వచ్చిన రోజు చెయ్యి ఎటు పోయిందని అడగడం మొదలుపెట్టారు. యద్దనపూడి నవలలు కలలు అమ్మాయని చదువుకున్నవాళ్ళు రాస్తే నేను పూర్తిగా ఒప్పుకోను. ‘సెక్రటరీ’లో ఆమె రాసిన జయంతి డబ్బు చూసి తల వంచే పిల్ల కాదు. ఆ పొగరు మా వరండాలో కొన్నిసార్లు వంట దాకా, మజూరి దాకా పోయింది. కానీ బాధపడ్డ మగవాడిని ఓపికతో బాగు చేయొచ్చనే మాట కూడా ఆ పుస్తకాల్లోంచే మాకు ఎక్కింది. ఎక్కించినవాళ్ళలో నేనూ ఉన్నాను, పైగా కూలి తీసుకుని.

6. చివరి పేజీలు ఉన్నాయో లేదో ముందే చూసుకోవాలి.

‘సెక్రటరీ’ మా ప్రతికి చివర కొన్ని పేజీలు లేవు. సగం చదివాక చూసుకున్నాను. చెప్తే నా కట్టలు పోతాయని భయపడి, ముగింపు నేనే అల్లాను. నాకు రాజశేఖరం మీద ఆ రోజుల్లో కోపంగా ఉండేది. జయంతిని అతన్ని వదిలేసి పోయేలా చేసి, పట్నంలో కుట్టుమిషన్లు పెట్టించాను. వారం రోజులు ఎవరూ నాతో సరిగా మాట్లాడలేదు. 1976లో అదే కథతో అక్కినేని, వాణిశ్రీ సినిమా వచ్చింది. దసరాకు ఊరికి పోయిన వదినె సినిమా చూసి వచ్చి నన్ను నిలదీసింది. ఎనిమిది మందీ తలా రెండు కట్టలు నాతో వెనక్కి చుట్టించుకున్నారు.

మూల ఖోలీ అక్క మాత్రం లోపలి నుంచే అంది: “కుట్టుమిషన్లదే బాగుండె.”

7. కారు దేనికోసం ఉందో వినేవాళ్ళు తేలుస్తారు.

1984 మేలో భివండిలో అల్లర్లు. కర్ఫ్యూ. తంబాకు రాలేదు, ఆకు రాలేదు, సాంచాలు ఆగిపోయాయి. వరండాలోకి కూడా రాకుండా తలుపు బిగించుకుని ఒక ఖోలీలో పదమూడు మందిమి. పుస్తకం ఒక్కటే ఉంది, అప్పటికే రెండుసార్లు చదివినది. పెళ్లి ఘట్టం చదవబోతే వద్దన్నారు. “కారు పోయే కాడ చదువు” అన్నారు. అతను ఆమెను ఎక్కించుకుని ఊరి బయటికి రోడ్డు మీద పోయే రెండు పేజీలు. ఆ రాత్రి అవి ఎన్నిసార్లు చదివానో.

8. ఇప్పటి వాళ్ళు మనకంటే చురుకు, కానీ వాళ్ళ జేబులోంచీ పోతోంది.

మా చుట్టుపక్కల సాంచాలు చాలావరకు తుక్కు కింద తూకానికి పోయాయి. మాన్‌కోలి వైపు గోదాములు లేచాయి. మనవరాలు అక్కడే లెక్కలు రాస్తుంది. పోతూ వస్తూ షేర్ ఆటోలో ఫోన్లో సీరియల్ వింటుంది. కోటీశ్వరుడు, కాంట్రాక్టు పెళ్లి, అతనికి గతం, ఆమెకు గతం. సరసం మోతాదు చూస్తే మా స్వాతి రోజులు బాలశిక్ష. ముఖ్యమైన చోట కథ ఆపి కాయిన్లు కొనమంటారు. మా కాలపు చిరిగిన పేజీలే నయం, డబ్బులు అడిగేవి కావు.

“అమ్మమ్మా, వీడు రెడ్ ఫ్లాగ్” అంది ఒక రోజు.

ఎర్రజెండా అంటే నాకు బీడీ యూనియనే తెలుసు. “మంచోడేనా అయితే?” అన్నాను. పడి పడి నవ్వి, దూరంగా ఉండాల్సిన మగవాడని అర్థం చెప్పింది. మరి రెడ్ ఫ్లాగ్ అయితే ఎందుకు వింటున్నావంటే, “మారతాడేమో అని” అంది. మేం అన్న మాటే. 2011లో ఇంగ్లీషులో వచ్చిన ‘ఫిఫ్టీ షేడ్స్ ఆఫ్ గ్రే’ కథ కూడా తనే చెప్పింది. అందులో కోటీశ్వరుడికి సొంత హెలికాప్టర్ ఉందట, ఛాతీ మీద చిన్నప్పుడు పెట్టిన సిగరెట్ వాతల మచ్చలు ఉన్నాయట. సిగరెట్ వాతలనగానే నేను మూల ఖోలీ వైపు చూశాను.

అక్క ఇంకా అక్కడే ఉంది. ఆయన పోయి చాలా ఏళ్ళయింది. ఈ మధ్య సాయంత్రాలు మా దర్వాజ కాడికి వచ్చి కూర్చుంటోంది. మనవరాలు ఫోన్ స్పీకర్‌లో పెట్టి, ఇయర్‌ఫోన్ లేకుండా మా ఇద్దరికీ వినిపిస్తుంది. మొన్న పావుగంట విన్నాక అక్క అడిగింది.

“బిడ్డా, వాడు ఆ పిల్లను తప్పయిందని అడిగిండా?”

“ఇంకా లేదు అమ్మమ్మా. ఇది 214వ ఎపిసోడ్.”

అక్క మోకాళ్ళ మీద చేతులు ఆన్చి లేచింది.

“అడిగిననాడు పిలువు, వస్త.”